సున్నాలో సి

సికింద్రాబాద్,
9 నవంబర్ 1997

దేముడు మావయ్యకి రత్నం నమస్కారాలు.

అమ్మమ్మ కళ్ళు ఎలా ఉన్నాయి? అమ్మ రోజూ నన్నే అడుగుతోంది, నాకేదో టెలిఫోన్ ఉన్నట్టు. ఉత్తరం నువ్వే రాయొచ్చు కదా అంటే తీరిక లేదట. టీవీ చూడ్డానికి మాత్రం ఉంది.

ఒక పని మీద రాస్తున్నాను. నేను చేరిన ఆఫీసు సంగతి చెప్పానుగా, కంప్యూటర్ మీద బొమ్మలు గీసి ప్రెస్సులకి అమ్ముతాం. మా యజమాని గోవిందరావుగారు ఇప్పుడొక సీడీ తయారు చేస్తున్నారు. పాటల సీడీ కాదు, దీంట్లో బొమ్మలుంటాయి. పాత పటాలాల గుర్తులు నాలుగువందలు. టోపీల మీదవీ, భుజాల మీదవీ, జెండాల మీదవీ. చిరిగిపోయినవీ తుప్పు పట్టినవీ దగ్గర పెట్టుకుని మేము గీత పోకుండా మళ్ళీ గీస్తాం. పేపర్లవాళ్ళూ స్కూళ్ళవాళ్ళూ కొనుక్కుంటారట. సింహాలు గీసి గీసి నాకు ఇప్పుడు అందరి మొహాల మీదా మీసాలే కనబడుతున్నాయి.

రైల్వే పటాలాలవి ఒక్కటీ దొరకలేదని మొన్న ఆయన బాధపడుతుంటే నా నోరు ఊరుకోలేదు. మా తాతయ్య తవిటయ్య రెండో యుద్ధంలో ఖరగ్‌పూర్ వర్క్‌షాపు నుంచి రైల్వే మరమ్మతు కంపెనీలో బస్రా వెళ్ళాడు, ఆయన భుజం మీది గుడ్డ బ్యాడ్జీ మా అమ్మమ్మ ట్రంకుపెట్టెలో ఉంది అన్నాను. అప్పటినుంచి రోజూ నా టేబుల్ దగ్గరికి వచ్చి "తాతగారు బాగున్నారా" అని అడుగుతున్నారు. పోయి ఇరవై ఏళ్ళయిందండీ అంటే, "అయితే బ్యాడ్జీ బాగుందా" అంటారు.

అసలుది పంపొద్దు. ట్రేసింగ్ కాగితం మీద దించి, రంగులు పక్కన రాసి పంపు. నలభై ఏళ్ళు పెయింట్ షాపులో వేగన్ల మీద అక్షరాలు రాసినవాడివి, నీకంటే బాగా దించేవాళ్ళు నాకెవరు దొరుకుతారు?

నీ మేనకోడలు,
రత్నం

ఖరగ్‌పూర్, పూరీ గేట్,
24 నవంబర్ 1997

ఒలే రత్నం,

నీ ఉత్తరం సదివి వినిపిస్తే మీ అమ్మమ్మ అన్న మొదటి మాట, "దీని తెలుగు ఎవలు మార్సీసినారు?" అని. అక్కడ నువ్వు ఏ తెలుగు మాటాడినా మాకు పరవాలేదు. ఇక్కడ దిగినాక మాత్రం ఏటి అంటే ఏటే.

బేడ్జీ దించడం అంటే ఏటో తేలిక పని అనుకున్నావు. అమ్మ నా సేత సబ్బెట్టి రెండుపాల్లు సేతులు కడిగించినాది. తర్వాత పెట్టి తీసి, గుడ్డ మూట విప్పి, బేడ్జీ ఒళ్ళో పెట్టుకుని, "ఇది నా ఒళ్ళోంచి కదలదు, ఇక్కడే దించుకో" అన్నాది. ఏటి సేస్తాను? ఆయమ్మ ఒళ్ళో పీట పెట్టి, పీట మీద బేడ్జీ పెట్టి, బేడ్జీ మీద కాయితం పెట్టి, మోకాళ్ళ మీద కూకుని దించినాను. అరవై ఏళ్ళోడు తల్లి ఒళ్ళో బొమ్మలేసుకుంటన్నాడని మీ అత్త వీధిలో అందరికీ సెప్పొచ్చినాది.

కింద బండిసక్రం ఉంది. దాని మీద సుత్తీ పానా అడ్డంగా ఉన్నాయి. అంచున ఇంగిలీసు అచ్చరాలు సగం పోనాయి. పైనున్నది రాజుగారి కిరీటం అయ్యుంటాది. ఉన్నది ఉన్నట్టు దించినాను. పెయింట్ షాపులో నాను నేర్సుకున్నది అదొక్కటే. డ్రాయింగులో తప్పుంటే అది డ్రాయింగు ఆఫీసోడి తప్పు, మన కుంచె ప్రశ్నలడగకూడదు. ఒకపాలి డ్రాయింగు మీద టీగ్లాసు మరక గుండ్రంగా పడుంటే అది కూడా వేగను మీద ఏసినాను. ఫోర్‌మన్ సూసి బాగుందనే అన్నాడు.

ఇప్పుడు నా పని ఇనుకో. ఆ కంపెనీలోకి ఈ ఊరినుంచి మన తెలుగోలు తొమ్మిదిమంది ఎల్లినారు. ముగ్గురు తిరిగి రానేదు. వొచ్చినోలలో నూకయ్య బాబాయి ఒక్కడే మిగిలినాడు. రైల్వే రిటైర్డ్ సంఘం గదిలో ఆల పేర్లతో ఒక బోర్డు పెట్టాలని పదేళ్ళనుంచి మీటింగులు పెట్టి టీలు తాగుతున్నాం. ఇప్పుడు తొందరొచ్చినాది. అమ్మ కళ్ళకి పొరలొచ్చినాయి, షుగరుంది కాబట్టి ఆపరేషన్ వొద్దన్నాడు డాక్టరు. ఏప్రిల్లో అమ్మోరి మాతా పూజ దాకా సూపు నిలిస్తే గొప్ప అన్నాడు. ఈలోగా ఆ బోర్డు గోడకెక్కాల. దాని మీద మా నాన్న పేరూ బేడ్జీ కళ్ళతో సూసుకుంటే సాలని అమ్మ ఒకటే గొడవ.

నా సేతులు వణుకుతున్నాయి. పేర్లు రాయగలను గాని గుండ్రం గియ్యలేను. నువ్వు కంప్యూటరుతో రెండడుగుల బొమ్మ తీసి పంపీ. దాని గీతలెంట సూదితో సిల్లులు పొడిసి, సుద్దపొడి మూటతో కొడితే బోర్డు మీద దిగిపోతాది. అక్కణ్ణుంచి నాను సూసుకుంటాను.

నీ మావయ్య,
దేముడు (పూజలందుకోని దేముడు)

సికింద్రాబాద్,
15 డిసెంబర్ 1997

మావయ్యా,

ట్రేసింగ్ అందింది. మూడు రోజులు మౌస్ పట్టుకుని కూర్చున్నాను. చక్రం గంటలో అయిపోయింది. సుత్తీ పానా ఒక పూట పట్టింది. పైనున్నదే నా ప్రాణం తీసింది. నాలుగువందల బ్యాడ్జీలు గీశాక కిరీటాలు నాకు కంఠతా వచ్చు. ఇది వాటిలా లేదు. పొట్ట ఉబ్బుగా, మెడ సన్నగా ఉంది, పైన ఆకుల్లాంటివేవో ఉన్నాయి. నీ చేతి వణుకనుకుని సరిచేయబోతే గోవిందరావుగారు వచ్చి ఆపారు. "అది ఆ పటాలం ప్రత్యేకత అమ్మా, ముట్టుకోకు" అన్నారు. ఆయనకి తెలియనిదల్లా ప్రత్యేకతే. సరే, నీ పెయింట్ షాపు పద్ధతే మంచిదని ఉన్నది ఉన్నట్టే గీసేశాను.

రెండడుగుల బొమ్మ మా ప్రింటర్లో ఒక కాగితం మీద రాదు. నాలుగు కాగితాల మీద తీశాను. అంచులు కత్తిరించి అతికించుకో. గోవిందరావుగారు భోజనానికి వెళ్ళినప్పుడు హడావిడిగా తీశాను కాబట్టి రంగు కొంచెం తేడాగా ఉంటుంది.

బస్రాలో తాతయ్య ఏం చేసేవాడు మావయ్యా? మూడు రోజులు ఆయన భుజం మీదది గీశాను గాని ఆయన గురించి నాకు తెలిసింది చుట్ట వాసన ఒక్కటే.

రత్నం

పూరీ గేట్,
11 జనవరి 1998

ఒలే రత్నం,

బోర్డు అయిపోనాది. నా కుంచె ఇంకా సావలేదు. పేర్లు తెల్లరంగు, బేడ్జీ పసుపూ ఎరుపూ ఆకుపచ్చా, ఎనక వేగను రంగు. ఆ డబ్బా ఎక్కణ్ణుంచి వొచ్చినాదని అడక్కు.

నువ్వు పంపిన కాయితంలో ఏదుంటే అదే దించినాను. బొమ్మ కింద కుడిపక్క సున్నాలో సి అని ఒకటుంది. దాని పక్కన ఇంకేదో రాసుంది గాని అది అతుకులో కత్తెరకి పోనాది. సున్నాలో సి మాత్రం నిలిసింది, అదీ ఏసీసినాను. సి అంటే కంపెనీ గదా అనుకున్నాను. దాన్ని సున్నాలో ఎందుకు ఏసినారో నువ్వే సెప్పాల.

స్టూడియో బెంగాలీ దాదా వొచ్చి ఫోటో తీసినాడు. పేర్లు లెక్కెట్టి, "ఏ ఫుట్‌బాల్ టీమ్ దాదా?" అన్నాడు. తొమ్మిదిమందితో ఫుట్‌బాల్ ఎవలాడతారురా అన్నాను. "ఠీక్ హై, ఇద్దరికి దెబ్బ తగిలింది అనుకున్నాను" అన్నాడు. ఆ ఫోటో మన సంఘం బులెటిన్లో ఏసినారు. అది మీ సికింద్రాబాద్ దాకా ఎల్తాది.

నాన్న అక్కడ ఏటి సేసినాడంటే, ఎండలో ఇంజిన్ల కింద దూరి బాయిలర్లకి రివిట్లు కొట్టినాడు. వొచ్చినాక యుద్దం గురించి ఎప్పుడూ ఒక్కటే సెప్పేవోడు, అక్కడి ఖర్జూరాలు బాగుంటాయని.

అమ్మ ఇంకా బోర్డు సూడలేదు. గోడకెక్కినాకే సూస్తానంటాది. మాతా పూజ రోజు కడదామని కమిటీలో అనుకున్నాం.

దేముడు

సికింద్రాబాద్,
1 ఫిబ్రవరి 1998

మావయ్యా,

సున్నాలో సి చదివి ఆఫీసులో పడీ పడీ నవ్వాను. అది కంపెనీ కాదు. ఈ బొమ్మ మాది, అడక్కుండా ఎవరూ వాడకూడదు అని అర్థం. గోవిందరావుగారు నాలుగువందల బొమ్మల కిందా అది వేయించి పక్కన మా ఆఫీసు పేరు పెట్టించారు. పాత పటాలాల గుర్తులు మనవెలా అవుతాయండీ అని అడిగాను. "కంప్యూటర్ ఎవరిది?" అన్నారు. మీదే అన్నాను. "మరి బొమ్మ ఎవరిది?" అన్నారు. కరెంటు బిల్లు కూడా ఆయనే కడుతున్నారు కదా అని ఊరుకున్నాను. నువ్వు గోకెయ్యి, లేకపోతే ఉంచు, ఎవరు చూస్తారు?

ఇంకో మంచి కబురు. మీ బులెటిన్ ఇక్కడ ఎవరో రిటైర్డ్ ఆఫీసరు తెచ్చి గోవిందరావుగారికి చూపించారు. ఆయన భూతద్దం పెట్టుకుని బోర్డు ఫోటో చాలాసేపు చూశారు. తర్వాత నన్ను పిలిచి నీ పూర్తి అడ్రసు అడిగారు. ముత్యాల్లాంటి అక్షరాలతో పిన్‌కోడుతో సహా రాసిచ్చాను. బహుశా నీకు శాలువా పంపుతారు. తక్కువలో తక్కువ సీడీ అయినా పంపుతారు.

రత్నం

పూరీ గేట్,
20 ఫిబ్రవరి 1998

కుమారి రత్నం గారికి,

తమరి శాలువా అందింది. నాలుగు పేజీలుంది, రిజిస్టరు పోస్టులో వొచ్చినాది. మీ యజమాని తాలూకు వకీలు పంపినాడు.

దాంట్లో ఏటుందంటే, ఆ బొమ్మ గోవిందరావుగారి ఆఫీసులో సొంత తెలివితో పుట్టిందట. దేముడు అనే నాను దాన్ని దొంగతనంగా దించుకుని, బులెటిన్లో ఏయించుకుని, పైగా ఆల సున్నాలో సి కూడా దొంగిలించినానట. ముప్పై రోజుల్లో బోర్డు పగలగొట్టి, క్షమాపణ రాసి, నష్టపరిహారం పంపకపోతే సికింద్రాబాద్ కోర్టుకి రావాలట. బొమ్మ గీసినవారు అని ఒక పేరు రాసుంది. ఎవలో రత్నం అట. నీకు తెలుసునేమో.

మా సెక్రటరీగారు నోటీసు సదివి బోర్డు తీసుకెల్లి సంఘం మరుగుదొడ్డి గోడకి ఆనించినాడు, అటువైపు తిప్పి. గొడవ తేలినదాకా గోడకి ఎక్కదన్నాడు. ఆయన రైల్వేలో ముప్పై ఆరేళ్ళు ఫైళ్ళు అటూ ఇటూ తోసినోడు, కోర్టు మాటినగానే దీన్నీ తోసీసినాడు.

అమ్మకి సెప్పలేదు. రోజూ పొద్దున్న, "ఎప్పుడు కడతావురా?" అంటాది. మేకులు దొరకలేదమ్మా అంటన్నాను. రైల్వే వర్క్‌షాపు ఊళ్ళో మేకులు దొరకలేదంటే ఎవలైనా నమ్ముతారా? అమ్మ నమ్ముతాది. పోనీ నెమ్మదిగా సూడు అంటాది. ఎడంకన్ను ఇప్పుడు దాదాపు పోనాది.

నాకు మండిందన్నది నిజం. మంట కంటే కష్టమే ఎక్కువ కలిగింది. మా అమ్మ ఒళ్ళోంచి దించి పంపిన బొమ్మ అది. నీ సేత్తో గీసినావు, నీ సేత్తోనే నా అడ్రసు రాసిచ్చినావు. పిన్‌కోడుతో సహా.

ఇట్లు,
ముద్దాయి దేముడు

సికింద్రాబాద్,
3 మార్చి 1998

ముద్దాయి మావయ్యకి,

నీ ఉత్తరం చదివి ఒక రోజంతా ఏడ్చాను. రెండో రోజు కోపం వచ్చింది. నన్ను ‘గారు’ అంటావా? చిన్నప్పుడు నీ కుంచెలు కడిగినదాన్ని. నీకు నోటీసు ఇస్తున్నారని నాకు తెలిస్తే పిన్‌కోడు తప్పు రాసి ఉండేదాన్ని, అంత మాత్రం బుద్ధి నాకు లేదనుకున్నావా?

నీ ఉత్తరం తీసుకుని గోవిందరావుగారి దగ్గరికి వెళ్ళాను. దేముడు మా మావయ్య, ఆ ట్రేసింగ్ ఆయనే పంపాడు, మీకు తెలుసు కదండీ అన్నాను. "బంధుత్వం బంధుత్వమే, వ్యాపారం వ్యాపారమే" అన్నారు. ఇంట్లో వాళ్ళావిడతో కూడా ఇలాగే మాట్లాడతారేమో.

అసలు చిక్కు ఇది. సీడీ కొన్న ఒక పాత సైనికుడు దాన్ని వెనక్కి పంపాడు. మన బొమ్మ తప్పట. పాత పుస్తకంలో పేజీ జిరాక్స్ తీసి జతచేశాడు. అందులో అదే చక్రం, అదే సుత్తీ పానా ఉన్నాయి, పైన మాత్రం మామూలు కిరీటం. ఆకులూ లేవు, ఉబ్బిన పొట్టా లేదు. గోవిందరావుగారు ముందు నా మీద కేకలేశారు. అంతలోనే నవ్వడం మొదలుపెట్టారు. "ఈ తప్పు ప్రపంచంలో రెండే చోట్ల ఉంది. మన సీడీలోనూ, ఖరగ్‌పూర్ బోర్డు మీదా. మన దగ్గర దొంగిలించాడనడానికి ఇంతకంటే సాక్ష్యం ఏం కావాలి?" అన్నారు.

తర్వాత నా ముందు ఒక కాగితం పెట్టారు. ఆ పైనున్నది నేనే ఊహించి గీశాననీ, ఏ ట్రేసింగూ చూడలేదనీ సంతకం పెట్టాలట. పెట్టకపోతే వచ్చే నెలనుంచి రానక్కర్లేదట. ఇంకా పెట్టలేదు. పెన్నులో ఇంకు లేదన్నాను. నీ మేకుల్లాగే.

నిజం చెప్పు మావయ్యా. నీ చెయ్యి వణికిందా? ఆ పైనున్నది ఏమిటి? అమ్మమ్మని అడుగు. ఉద్యోగం పోతే పోనీ. కానీ ఏం గీశానో తెలియకుండా పోగొట్టుకోవడం నాకు ఇష్టం లేదు. ఆ జిరాక్స్ దీంతోపాటు పెడుతున్నాను.

రత్నం

పూరీ గేట్,
17 మార్చి 1998

ఒలే రత్నం,

‘కుమారి’నీ ‘గారు’నీ వాపసు తీసుకున్నాను. నీ మీద అనుమానపడినందుకు మీ అత్త నాకు రెండ్రోజులు పలుచటి పప్పు పోసినాది. శిచ్చ అయిపోనాది.

నీ జిరాక్సూ, నా దగ్గరున్న ట్రేసింగు నకలూ, నోటీసూ పట్టుకుని మలంచాలో త్యాగరాజు వకీలు దగ్గరికెల్లినాను. ఆయన దగ్గరికి రోజూ ఇల్లు ఖాళీ సెయ్యనోలూ, గోడ జరిపీసినోలూ వొస్తారు. ఇది సూసి ఆయన మొహం ఎలిగిపోనాది. పాతికేళ్ళలో ఇలాంటిది రాలేదు కూకోండి అని టీ తెప్పించినాడు.

ఆయన సెప్పినది నాకు అర్థమైనంత వరకూ రాస్తున్నాను. పాత పటాలం గుర్తు సర్కారుది. దానికో గడువుంటాది, అది తీరినాక ఎవలిదీ కాదు. ఉన్నదాన్ని ఉన్నట్టు దించినోడికి కొత్తగా ఏ హక్కూ రాదు. కుంచెతో దించినా అంతే, కంప్యూటరుతో దించినా అంతే. ఎన్ని రోజులు కష్టపడినాడు, కరెంటు బిల్లెంతయింది అని సట్టం అడగదు. లేనిది కొత్తగా ఎవలైనా కల్పిస్తే, ఆ కల్పించినంత మేరకి ఆలదే.

ఇంతా సెప్పి, ఆ రెండు కాయితాలూ పక్కపక్కన పెట్టినాడు. "సక్రం అదే, సుత్తి అదే, పానా అదే. అవి మీవీ కావు, గోవిందరావువీ కావు. పైనున్న తప్పు ఒక్కటే కొత్తది. ఆ తప్పు ఎవరు చేశారో బొమ్మ వాళ్ళది" అన్నాడు. మన దేశంలో తప్పులు సేసి ఆస్తులు సంపాయించినోలు శానామంది ఉన్నారు. సట్టప్రకారం అలాగే రావాలని ఒక వకీలు సెప్పగా ఇనడం మాత్రం నాకిదే మొదలు.

ఇంక దాసి లాభం లేదని ఇంటికొచ్చి అమ్మకి అన్నీ సెప్పీసినాను, మేకుల సంగతితో సహా. కోపపడతాదనుకున్నాను. "మేకులున్నాయని నాకు తెలుసు, నువ్వేదో బాధలో ఉన్నావని అడగలేదు" అన్నాది. తరవాత బేడ్జీ తెమ్మని, ఏలుతో పైనున్నది తడిమి, "ఇది తప్పు కాదురా, ఘటం" అన్నాది.

నాను నోరెళ్ళబెట్టినాను. సూసినకొద్దీ ఘటమే. ఏపాకులు పెట్టి మాతా పూజకి ఆడోలు నెత్తిన ఎత్తుకునే ఘటం. ఏటేటా మన గుమ్మం ముందునుంచే ఎల్తాది. నలభై ఏళ్ళు ప్రశ్న అడక్కుండా దించినోడిని గదా, మా అమ్మ కుట్టిన ఘటాన్ని కిరీటం అనుకుని దించీసినాను.

ఏటి జరిగిందంటే, నాన్న బస్రా నుంచి వొచ్చినాక ఆ సొక్కా సాకలికేస్తే బేడ్జీ పైభాగం దారాలన్నీ ఊడిపోనాయట. అమ్మ మళ్ళీ కుట్టినాది. కిరీటం ఎలాగుంటాదో తెలీక ఇలాగ కుట్టినావా అన్నాను. "తెలీకేటి, అప్పట్లో రూపాయి మీద రోజూ సూసినదాన్నే. తెలిసే కుట్టలేదు" అన్నాది. రెండేళ్ళు నాన్న దగ్గర్నుంచి ఉత్తరం ముక్క లేదట. ఉన్నాడో పోనాడో ఆఫీసులో ఎవలూ సెప్పలేదట. అప్పుడు మాతా పూజ తల్లికి అమ్మ ఘటం మొక్కుకున్నాది. నాన్న వొచ్చినాడు. "రాజుగారి టోపీ ఆయన్ని పట్టుకెల్లినాది. తల్లి ఘటం తెచ్చినాది. తెచ్చినోలిది పైన పెడతాను గాని, పట్టుకెల్లినోలిది ఎందుకు పెడతానురా?" అన్నాది.

నాన్న ఏటీ అనలేదా అన్నాను. నవ్వి, పండగలకి అదే ఏసుకున్నాడట. అది సూసి మిగతా ఎనిమిదిమంది పెళ్ళాలూ వొచ్చి కుట్టించుకున్నారట. నాకప్పుడు తొమ్మిదేళ్ళు. ఆ దారాల డబ్బా నాకు గుర్తుంది, అందులో ఏటి కుడతన్నారో ఎప్పుడూ అడగలేదు. ఒలే, నాకు సిగ్గేసింది.

ఇంక సట్టం. కుట్టినది అమ్మ, కాబట్టి ఘటం అమ్మది. బతికున్నంత కాలమూ, పోయినాక ఇంకో అరవై ఏళ్ళూ అట. అది సెప్తే, "నాను సచ్చినాక అరవై ఏళ్ళు ఎవలు కాపలా కాస్తారు? ఆ గోయిందరావుకి పనేటీ లేనట్టుంది, ఆడిని పెట్టండి" అన్నాది.

వకీలు జవాబు నోటీసు రాసినాడు. అమ్మ ఏలిముద్ర ఏసినాది. నకలు పంపుతున్నాను. నువ్వు ఆ కాయితం మీద సంతకం పెట్టకు. ఉద్యోగం పోతే ఇక్కడికి వొచ్చీ, తాల్‌బగీచాలో సైన్‌బోర్డులు రాసుకుందాం, నాను అచ్చరాలు, నువ్వు గుండ్రాలు.

నీ దేముడు మావయ్య

సికింద్రాబాద్,
31 మార్చి 1998

మావయ్యా,

జవాబు నోటీసు వచ్చింది. గోవిందరావుగారు మూడుసార్లు చదివారు. నేను సంతకం పెట్టని కాగితం ఆయన ముందే పెట్టాను.

"మీ అమ్మమ్మ ఉన్నారా?" అన్నారు. ఉన్నారండీ అన్నాను.

"కళ్ళు కనబడవన్నావుగా?"

"కుట్టినప్పుడు కనబడ్డాయండీ."

వాళ్ళ వకీలుకి ఫోన్ చేశారు. ఆయనేం చెప్పాడో గాని, అవతల మాటలు వింటున్నంతసేపూ ఈయన టేబుల్ మీద పెన్నులు సర్దుతూనే ఉన్నారు. నోటీసు వెనక్కి తీసుకుంటున్నట్టు రాసిన ఉత్తరం దీంతో ఉంది. మీ సెక్రటరీగారికి చూపించి, బోర్డుని ఆ మరుగుదొడ్డి దగ్గర్నుంచి విడిపించు.

కొత్త సీడీలో ఘటం తీసేసి, పుస్తకంలో ఉన్నట్టు కిరీటం పెట్టమన్నారు. అరగంటలో పెట్టాను. సున్నాలో సి వెయ్యనా అండీ అని అడిగాను. ఆ కిరీటం వైపు చూశారు, నా వైపు చూశారు, "వద్దులే, దానికి వదిలెయ్" అన్నారు. నాలుగువందల్లో అదొక్కటే ఎవరిదీ కాని బొమ్మ. ఉద్యోగం ఉంది. తర్వాతి సీడీకి ఇంకో రెండువందల సింహాలున్నాయట, నేను పోతే ఎవరు గీస్తారు?

ఒక కోరిక. బోర్డు మీద సున్నాలో సి ఉందిగా. దాని పక్కన అమ్మమ్మ పేరు రాయి. జోగమ్మ అని. ఇప్పుడు అది నిజంగా చెల్లుతుంది. ఎలా ఉండాలో ప్రింటు తీసి పంపుతున్నాను. ఈసారి అతుకులో పోకుండా ఒకే కాగితం మీద తీశాను.

రత్నం

పూరీ గేట్,
21 ఏప్రిల్ 1998

ఒలే రత్నం,

బోర్డు గోడకెక్కినాది. మాతా పూజ రోజున, పొద్దున్న తొమ్మిదింటికి, నాలుగు మేకులతో. సెక్రటరీగారు ఉపన్యాసం ఇచ్చినాడు, మొదట్నుంచీ తనకి ధైర్యం ఉందన్నట్టే మాటాడినాడు. బోర్డు ఎక్కడ దాసినాడో మాత్రం సెప్పలేదు.

నూకయ్య బాబాయిని రిక్షాలో తెచ్చినాం. ఆయనకి తొంభై దగ్గరికొచ్చినాది. సెక్రటరీగారు ఆ జిరాక్స్ సూపించి అసలుది ఇదట తాతా అన్నాడు. బాబాయి కిరీటం వంక సూసి, "ఇది ఎవలిదో. మాది కాదు" అని కాయితం తిరిగిచ్చీసినాడు. తరవాత బోర్డు కింద కుర్సీ ఏయించుకుని కూకుని, పూజ అయినదాకా లేవలేదు.

అమ్మని ఇద్దరు పట్టుకుని తెచ్చినారు. ముక్కు బోర్డుకి ఆనేంత దగ్గరగా ఎల్లి సూసినాది. కుడికంటితో ఇంకా కనబడతన్నాది. నాన్న పేరు కనుక్కున్నాది. ఘటం కనుక్కున్నాది. ఆకులు ఇంకా పచ్చగా ఎయ్యాల్సిందన్నాది. తరవాత కింద రంగు కొత్తగా ఉందే, అదేటి అన్నాది. నీ పేరమ్మా, రత్నం రాయించినాది అన్నాను. సంతోషిస్తాదనుకున్నాను.

"తుడిసీ" అన్నాది.

కుట్టింది నువ్వే గదా అన్నాను. "నా ఒక్కదానికే కుట్టినానేట్రా? తొమ్మిదిమందికి కుట్టినాను" అన్నాది. నాను ఊరుకోవచ్చు గదా. నా నోరూ నీ నోరూ ఒకటే. రానోలు ముగ్గురి పెళ్ళాలకి ఘటం ఎందుకు కుట్టినావమ్మా, ఆలకి తల్లి ఎవల్నీ తేలేదు గదా అన్నాను. అమ్మ గుమ్మం వైపు తల తిప్పినాది. బయట ఘటాలు ఎల్తన్నాయి, డప్పులు కొడతన్నారు.

"ఇంకా వొస్తారనే కుట్టించుకున్నారురా. ఆ ముగ్గురాడోలూ సచ్చిపోయినదాకా ఘటం కుట్టిన గుడ్డముక్క దేవుడి దగ్గర పెట్టుకున్నారు. నా మొక్కు తీరినాది. తీరనోల ఘటం కూడా అదే. దాని మీద నా పేరేటి?" అన్నాది.

టర్పెంటైన్ గుడ్డ తెచ్చి, అందరూ సూస్తుండగానే పేరు తుడిసీసినాను. సున్నాలో సి దగ్గరికొచ్చి, ఇది కూడా తియ్యనా అన్నాను. అదేటి అన్నాది. ఇది మనది, ఇంకెవలూ ముట్టుకోకూడదని గుర్తు అన్నాను.

"అది ఉంచు" అన్నాది.

ఉంచినాను. దాని పక్కన ఖాళీగా ఉంది. బాగోలేదు, సంఘం పేరు రాయిద్దాం అని సెక్రటరీగారు రోజూ అంటన్నాడు. కుంచె దొరకలేదంటన్నాను.

నీ మావయ్య,
దేముడు